మీటరు చెప్పిన మాట కంప్యూటరు వినుటెట్లు?

పటాన్‌చెరు, పాశమైలారము, బొల్లారము పారిశ్రామిక వాడల చుట్టుపట్ల గ్రామముల వారికి కాలుష్యమనగా నేమో వేరుగా చెప్పనక్కరలేదు. 1970వ దశాబ్దిలో ఈ ప్రాంతమున కర్మాగారములు వెలసినవి. ఇసుకవాగు, నక్కవాగుల నీరు పైరుకును పశువులకును పనికిరాకుండ చెడుటతో 1990లో ఈ వ్యవహారము సుప్రీంకోర్టు ముందుకు వెళ్ళినది. 1994లో పటాన్‌చెరులో సామూహిక వ్యర్థజల శుద్ధి కేంద్రము పనిచేయ నారంభించినది. అయినను, 2009లో కేంద్ర కాలుష్య నియంత్రణ మండలి దేశమందలి పారిశ్రామిక ప్రాంతముల స్థితిని లెక్కగట్టినపుడు, పటాన్‌చెరు-బొల్లారము ప్రాంతము 70కి మించిన సూచికతో తీవ్రముగా కలుషితమైన ప్రాంతముల పట్టికలో చేరినది.

2014 ఫిబ్రవరి 5వ తేదీన కేంద్ర మండలి యొక ఆదేశమును జారీచేసినది. మందుల తయారీతో సహా 17 తరగతుల కర్మాగారములును, సామూహిక శుద్ధి కేంద్రములును తాము విడుచు నీటిని, పొగను ఎడతెగక కొలుచు సాధనములను అమర్చుకొని, ఆ అంకెలను మండలికి పంపవలెనని దాని సారాంశము. ఇట్లు అంకె చేతికి వచ్చినది. సంతోషింపదగినదే. కాని, ఆ అంకె నీటినుండి కంప్యూటరు తెరమీదికి ఏ దారిని వచ్చినదో పంచాయతీ సభ్యుడు కొంత యెరిగి యుండుట అవసరము. దారిలో తప్పు జరిగినచో వాగులోని నీరొకటి, తెరపై అంకె మరొకటి కాగలదు.

ఉదాహరణమునకు నీటి ఆమ్లత్వమును తెలుపు పి.హెచ్. మీటరును తీసికొందము. దీని కొలత 0 నుండి 14 వరకు. 7 అనగా తటస్థము. అంతకు తగ్గినకొలది ఆమ్లము. సాధారణ ప్రమాణముల ప్రకారము వాగులు, నదులలోనికి విడుచు వ్యర్థజలము 5.5కు, 9కి మధ్య నుండవలెను. మీటరు తాను కనుగొన్న కొలతను తీగ వెంబడి సన్నని విద్యుత్ ప్రవాహముగా పంపును. పి.హెచ్. 0 అయినచో 4 మిల్లీ ఆంపియర్లు, 14 అయినచో 20, సరిగా 7 అయినచో 12. ఇట్లు కొలతతోపాటు హెచ్చుతగ్గులగు ప్రవాహమునకే అనలాగ్ సంకేతమని పేరు. సున్నకు బదులుగా 4తో మొదలుపెట్టుటలో నొక నేర్పున్నది. తీగ తెగినపుడు ప్రవాహము నిజముగనే సున్నయగును గనుక, కొలత తక్కువై తగ్గినదో, తీగ తెగి తగ్గినదో వెంటనే తెలిసిపోవును. పూర్వపు ఇంజనీర్ల యీ చిన్న యుపాయమును మెచ్చుకొనకుండ నుండలేము.

కంప్యూటరునకు ప్రవాహము తెలియదు. అంకెలు మాత్రమే తెలియును. కావున నడుమ నొక మార్పిడి కార్డు కావలెను. 250 ఓముల నిరోధకము గుండ 12 మిల్లీ ఆంపియర్లు పోయినచో 3 వోల్టులగును. 0 నుండి 5 వోల్టుల వరకు గల మేరను కార్డు 4,096 మెట్లుగా విభజించి, ఈ 3 వోల్టులను రమారమి 2,458వ మెట్టుగా చెప్పును. కొన్ని క్రొత్త సాధనములు తామే అంకెలను పంపును. వానికి ఈ కార్డుతో పనిలేదు. అనలాగ్ తీగ యున్నచోట మాత్రము ఇది తప్పదు.

లైబ్రరీ ఫైలు చేయు పని

2,458 అను మెట్టు మనకు గాని, తెరపై గీతలు గీయు ప్రోగ్రాముకు గాని ఏమి తెలుపును? ఇచ్చటనే లైబ్రరీ ఫైళ్ళ అవసరము కలుగుచున్నది. కార్డును తయారుచేసినవారు దానితోపాటు రెండు విధముల ఫైళ్ళనిత్తురు. ఒకటి డ్రైవరు, ఇది కార్డుతో నేరుగా వ్యవహరించును. రెండవది లైబ్రరీ, విండోసు కంప్యూటరులలో దీని పేరు చివర డి.ఎల్.ఎల్. అను మూడక్షరములుండును. "మూడవ తీగపై ఎంత యున్నది?" అని ప్రోగ్రాము అడుగగా, లైబ్రరీ ఆ ప్రశ్నను డ్రైవరుకు అందించి, వచ్చిన మెట్టును వోల్టులుగా మార్చి ఇచ్చును. ఆ వోల్టులను పి.హెచ్.గా మార్చు సూత్రమును, దాని హద్దులను కంప్యూటరును అమర్చిన సాంకేతికుడు వ్రాసి యుంచును. రెండు భాషలు తెలిసిన కరణము వంటిది ఈ ఫైలు. అతడు తప్పు చెప్పినచో ఇరుపక్షములవారును మోసపోదురు.

తప్పు ఎంత దూరము పోగలదో లెక్కవేసి చూడుడు. వ్యర్థజలపు పి.హెచ్. 4 అనుకొందము. అది నిషిద్ధము. మీటరు సక్రమముగ 8.57 మిల్లీ ఆంపియర్లను పంపినది. కాని కంప్యూటరులో 4-20 అని పెట్టుటకు బదులు 0-20 అని హద్దు పెట్టబడినది. అపుడు 8.57ను 20చే భాగించి 14చే గుణింపగా తెరపై 6 అని కనబడును. 6 చట్టసమ్మతము! పి.హెచ్.లో ఒక్కొక్క అంకెకు ఆమ్లత్వము పదిరెట్లు మారును గనుక, 4 గల నీరు 6 గల నీటికన్న నూరురెట్లు ఆమ్లము. మీటరు చెడలేదు, తీగ తెగలేదు, ఎవరును అంకెను దిద్దలేదు. అయినను నివేదిక నిర్దోషముగ కనబడును.

మరికొన్ని చిక్కులును కలవు. 32 బిట్ల విండోసుకై వ్రాసిన డ్రైవరు 64 బిట్ల విండోసులో పనిచేయదు. పాత కంప్యూటరు చెడి క్రొత్తది కొన్నపుడు కార్డు ఉన్నను లేనట్లే యగును. వేరొక ప్రోగ్రామును ఎక్కించునపుడు అదే పేరుగల పాత లైబ్రరీ ఫైలు క్రొత్తదాని స్థానమున చేరుటయు కలదు. కొందరు తయారీదారుల లైబ్రరీలలో అభ్యాసము నిమిత్తము కృత్రిమ సాధనమను ఏర్పాటుండును. కార్డు లేకున్నను అది కల్పిత విలువల నిచ్చును. నేర్చుకొనువారికి మంచిదే గాని, పనిలోనున్న కంప్యూటరులో దానిని మరచి విడుచుట ప్రమాదము. విండోసు 10కి 2025 అక్టోబరు 14తో తయారీ సంస్థ సాధారణ సహాయము ముగిసినది. కావున యంత్రముల మార్పిడి జరుగుచున్న ఈ రోజులలో పై చిక్కులను విశేషముగా కనిపెట్టవలసియున్నది.

సభ్యులు అడుగదగిన పరీక్ష

ఈ గొలుసంతటిని ఒక్కసారి పరీక్షించుటకు సులభమార్గ మున్నది. పి.హెచ్. 4 అనియు, 7 అనియు ముందే నిర్ణయింపబడిన బఫరు ద్రావణములు ప్రయోగశాల సామగ్రి విక్రయించువారివద్ద లభించును. మండలి అధికారి తనిఖీకి వచ్చినపుడు మీటరు కొనను వానిలో ముంచి చూపుమని సభ్యులు కోరవచ్చును. కాని చూడవలసినది మీటరుపై నున్న అంకెను గాదు, కంప్యూటరు తెరపై నున్న అంకెను. వీలైనచో మండలికి చేరిన అంకెను. పై ఉదాహరణములోని తప్పు ఉన్నచో, మీటరుపై 4 యుండగా తెరపై 6, మీటరుపై 7 యుండగా తెరపై 8.4 కనబడును. పిదప తీగను ఒకమారు ఊడదీయించి చూడవలెను. తెరపై లోపము చూపబడవలెను. పాత అంకెయే కదలక నిలిచినచో కారణ మడుగవలెను. కంప్యూటరు మార్చిన తేదీ, ఆ తరువాత జరిగిన తనిఖీ తేదీ, మండలియొద్ద నున్న అంకెల పట్టిక వీనిని 2005 నాటి సమాచార హక్కు చట్టము క్రింద కోరవచ్చును. కోర్టులో సాక్ష్యముగ నిలువవలసిన నమూనాకు మాత్రము 1974 నాటి జల చట్టపు 21వ సెక్షనులో వేరు పద్ధతి చెప్పబడినది. తెరపై అంకె దానికి బదులు కానేరదు.

ఇంకొక సంగతి. అన్నియు సక్రమముగ నడచినను, సాధనము తాను కొలుచుదానినే చెప్పును. పటాన్‌చెరు శుద్ధి కేంద్రమునుండి వెడలిన నీటిలో సిప్రోఫ్లాక్సాసిన్ అను సూక్ష్మజీవి నాశక ఔషధము లీటరుకు 31 మిల్లీగ్రాముల వరకు ఉన్నట్లు స్వీడను దేశపు పరిశోధకులు 2007లో ప్రకటించిరి. ఆ మందును మ్రింగిన రోగి రక్తములో నుండు పాలుకంటె నిది అధికము. పి.హెచ్. మీటరునకు ఇది కానరాదు. ప్రయోగశాలలో వేరుగా పరీక్షించిననే తెలియును. అందుచే బఫరు పరీక్షకై వ్రాయు విజ్ఞప్తిలోనే, వాగునీటిలో ఔషధముల పాలెంతో ప్రయోగశాలలో చూపింపుమని మరొక వాక్యము చేర్చుట మంచిది.