దువా, దవా

కష్టకాలమందు మానవుడు మొదట ఆశ్రయించేది తర్కాన్ని కాదు, ఆశను. పంట పోయి, అప్పు పెరిగి, ఇంట ఒకరు మంచం పట్టినప్పుడు తాయెత్తు, విభూతి, ఊది ఇచ్చిన నీరు ఔషధాలకంటె మిన్నగా తోస్తాయి. మతమేదైనా ఈ స్వభావం ఒక్కటే. దీనిని కేవలం అజ్ఞానమని కొట్టివేయుట విద్యావంతులకు సులభం. కాని అది అర్ధసత్యం మాత్రమే.

ఈ ఆకర్షణకు కారణాలు స్పష్టం. వైద్యుడు దూరం, వైద్యం ఖరీదు. దర్గా ప్రాంగణంలోనో, దేవాలయ మంటపంలోనో రోగి ఒంటరివాడు కాడు. అతని గోడు వినేవారుంటారు. మనోవ్యాధిని పిచ్చి అంటే కుటుంబానికి తలవంపు, గాలి సోకిందంటే నలుగురి సానుభూతి. పైగా కొన్ని రుగ్మతలు కాలక్రమాన వాటంతటవే తగ్గుతాయి. ఆ కీర్తి తాయెత్తుకు దక్కుతుంది; నయం కానివారి కథ ఎవరూ చెప్పరు.

చికిత్స కొరవడిన విశ్వాసం ఎంతటి అనర్థానికి దారితీయగలదో తమిళనాడులోని ఏర్వాడి లోకానికి తెలిపింది. రామనాథపురం జిల్లాలోని ఆ గ్రామ దర్గాకు మానసిక రోగులను తీసుకొనివచ్చుట చిరకాలపు ఆచారం. వారిని ఉంచుకొనుటకు చుట్టూ ప్రైవేటు ఆశ్రమాలు వెలిశాయి. 2001 ఆగస్టు 6న తెల్లవారుజామున ఒక ఆశ్రమం అగ్నికి ఆహుతి అయింది. గొలుసులతో బంధింపబడిన రోగులు తప్పించుకొనలేకపోయారు. మొత్తం 28 మంది మరణించారు. సుప్రీంకోర్టు తనంతట తానే విచారణ చేపట్టింది. మానసిక రోగులను గొలుసులతో కట్టివేయుటను 2017 నాటి మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం నిషేధించింది. ఆ అభాగ్యులను బలిగొన్నది ప్రార్థన కాదు. ప్రార్థన పేరిట వేసిన సంకెల.

ఇస్లాం వైద్యాన్ని నిరాకరించదు. వార్ధక్యానికి తప్ప ప్రతి వ్యాధికీ అల్లాహ్ మందును సృష్టించాడనీ, చికిత్స చేయించుకొనవలసిందనీ ప్రవక్త (స) బోధించారు. ఒంటెను కట్టివేసి పిమ్మట దైవంపై భారం వేయమన్న వారి హితవు తవక్కుల్‌కు సరియైన అర్థం. ప్రయత్నం మానుకొనుట తవక్కుల్ కానేరదు.

ఈ సమన్వయం ఆచరణసాధ్యమే. గుజరాత్‌లోని ఉనావాలో మీరా దాతార్ దర్గా వద్దనే మానసిక వైద్యుల సేవలు ఏర్పాటయ్యాయి. దువా చేసిన ముజావరులే రోగిని దవా కోసం వైద్యుని వద్దకు పంపే పద్ధతి అక్కడ నెలకొన్నది. రోగి విశ్వాసానికి భంగం లేదు, చికిత్సకు ఆటంకం లేదు.

విద్యార్థులారా! మీ పొరుగున ఒక తల్లి తన బిడ్డకు తాయెత్తు కట్టించినప్పుడు పరిహసించకండి. పరిహాసం ఆమెను వైద్యునికి మరింత దూరం చేస్తుంది. ఆమె దువాను గౌరవించి, ఆ బిడ్డను ఆసుపత్రికి తీసుకొనిపోవుటకు తోడు వెళ్ళండి.