ఉద్యోగం తీసేసే ముందు

పోటీ పరీక్షలకు చదివే పిల్లలు రాజ్యాంగం 311వ అధికరణాన్ని ఒక్క వాక్యంలో బట్టీపట్టి వదిలేస్తుంటారు. ప్రభుత్వోద్యోగిని నియమించిన అధికారికన్నా కింది అధికారి డిస్మిస్ చేయరాదు. అభియోగాలు తెలిపి, విచారణ జరిపి, చెప్పుకొనే అవకాశం ఇవ్వాలి. క్రిమినల్ కేసులో శిక్ష పడడం వంటి మూడు మినహాయింపులున్నాయి.

1976 నాటి 42వ సవరణతో, వేయబోయే శిక్షపై రెండోసారి సంజాయిషీ అడగడం పోయింది. మరి విచారణాధికారి నివేదిక? తనను దోషి అన్న కాగితం చూడనివాడు ఏమని జవాబు చెబుతాడు? 1993లో మన హైదరాబాదు ఇ.సి.ఐ.ఎల్. కేసులో సుప్రీంకోర్టు తేల్చింది: విచారణ జరిపినది వేరే అధికారి అయితే, నిర్ణయానికి ముందే నివేదిక ప్రతి ఇవ్వాలి, నిబంధనల్లో లేకున్నా, ఉద్యోగి అడగకున్నా. అయితే ప్రతి ఇవ్వలేదన్న ఒక్క కారణంతో ఉద్యోగం తిరిగి రాదు. దానివల్ల ఉద్యోగికి నష్టం జరిగిందా అని కోర్టు చూస్తుంది. విద్యార్థులు ఇది గుర్తుంచుకోవాలి.

మా బ్యాంకువాళ్ళకు 311 వర్తించదు. క్లర్కులకు ద్వైపాక్షిక ఒప్పందాలే ఆధారం. అయినా ఈ తీర్పు మాకూ పనికొచ్చింది. ఒక సహోద్యోగి విచారణలో ఆయన తరఫున నేను కూర్చున్నాను. నివేదిక చేతికొచ్చాక చూస్తే, ఆయన సెలవులో ఉన్ననాటి వోచరు కూడా ఆయన ఖాతాలోనే వేశారు. హాజరు పట్టీ నకలు జతచేసి జవాబు రాశాం. ఇంక్రిమెంటు ఆగింది గాని, ఉద్యోగం నిలిచింది.