రెండు విద్యలు, ఒక జీవితము

మన ఆస్పరి ప్రాంతమున బిడ్డ యెవడైనను పాటపై మక్కువ చూపినచో, “పాటలు కూడు పెడతాయా? పుస్తకం తియ్యి” అని పెద్దలు మందలించుట కలదు. వానను నమ్ముకొని పత్తియు వేరుశెనగయు పండించు కుటుంబములకు చదువెంత యవసరమో యెల్లరెరిగినదే. ఆ మందలింపులో ప్రేమ గలదు; కాని చదువునకు సంగీతము పగయను భ్రమయు గలదు. ఈ భ్రమ తొలగుటకు మన సీమవాడే యగు రాళ్లపల్లి అనంతకృష్ణశర్మగారి చరిత్ర చాలును.

ఆయన 1893వ సంవత్సరమున అనంతపురం జిల్లా, కల్యాణదుర్గం ప్రాంతపు రాళ్లపల్లి గ్రామమున జన్మించెను. బాల్యముననే మైసూరు చేరి, అచ్చటి పరకాల మఠమున సంస్కృతము నభ్యసించెను. కట్టమంచి రామలింగారెడ్డిగారి ప్రోత్సాహమున 1912లో మైసూరు మహారాజా కళాశాలలో తెలుగు పండితుడై, సుమారు ముప్పది యేడేండ్లు బోధించెను. కన్నడదేశమున నుండి తెలుగు చెప్పుచు, రెండు భాషలలోను గ్రంథములు వ్రాసెను. ఇంటను తెలుగు, సంతలో కన్నడము వినెడి మన ఆదోని బాలురకు ఇది వింత గాదు.

కొలువు దొరకినదని ఆయన సంగీతమును విడువలేదు. మైసూరు ఆస్థాన గాయకులగు బిడారం కృష్ణప్పగారి యొద్ద శిష్యుడై గానము నేర్చెను. పగలు పాఠము చెప్పు గురువే మరియొకరి యెదుట విద్యార్థియై కూర్చుండెను.

ఇక ఆయన రచనలు చూతము. వేమన పద్యములను బ్రౌను దొర 1829లో అచ్చు వేయించెను. సరిగా నూరేండ్లకు, 1929లో, శర్మగారి “వేమన” వెలువడెను. అది ఆంధ్ర విశ్వకళాపరిషత్తు పక్షమున నిచ్చిన యేడు ఉపన్యాసముల సంపుటము. వేమన కాలమును, మతమును, నీతిని, కవిత్వమును ఆయన తూచి పరీక్షించెను. పద్యము నోటినుండి నోటికి వచ్చినది. దాని నడక తెలిసిన చెవి విమర్శకునకు గొప్ప సాధనము.

ఆయన రెండు విద్యలును ఒక్కటై ఫలించినది తిరుపతిలో. తాళ్లపాక అన్నమాచార్యుడు 1503లో గతించెను. ఆయన కీర్తనలు రాగిరేకులపై చెక్కబడి, తిరుమల గుడిలోని యొక చిన్న గదిలో చిరకాలము మరుగుపడి యుండెను. రేకులపై పదములు గలవు, రాగము పేరు గలదు. తాళము లేదు, స్వరము లేదు. కేవల పండితుడు వానిని చదువగలడు గాని పాడలేడు. కేవల గాయకుడు పాడగలడు గాని పాత తెలుగు పాఠమును నిర్ణయింపలేడు. వేటూరి ప్రభాకరశాస్త్రిగారు మొదలగువారు సాగించిన ఈ పనిని, మైసూరు కొలువు ముగిసిన పిదప, శర్మగారు చేపట్టెను. కీర్తనలను పరిష్కరించి, నూటికి పైబడిన వానికి స్వరములు గూర్చెను. ఆ కీర్తనలు నేడు సభలలో వినబడుటకు ఆయన శ్రమ యొక ముఖ్య కారణము. 1974లో మద్రాసు సంగీత అకాడమీ ఆయనకు సంగీత కళానిధి బిరుదమిచ్చెను. అప్పటికి ఆయనకు ఎనుబది యేండ్లు దాటినవి. 1979లో ఆయన కాలధర్మము నొందెను.

విద్యార్థులారా, దీనినిబట్టి పాఠములు మాని పాడుమని నేను చెప్పుట లేదు. ఆయన యే విద్యను సగము నేర్చి విడువలేదని గమనింపుడు. తలిదండ్రులారా, పాడెడి బిడ్డను గద్దించుటకు ముందు, పాఠము చదివెనా యని యడుగుడు, చదివినచో పాడనిండు. ప్రభువు చెప్పిన ఉపమానములో రెండు తలాంతులు పొందిన దాసుడు రెంటితోను వ్యాపారము చేసి, మరి రెండు సంపాదించెను. ఒకదానిని దాచి రెండవదానిని మాత్రమే వాడుమని యజమానుడు వానికి చెప్పలేదు.