ఉన్నది – ఉండుట
(హైడెగ్గరు సత్తావిచారముపై అధ్యయన పాఠము)



మన కుటుంబములలోని యువతీయువకులు ఏలూరు, తాడేపల్లిగూడెము కళాశాలలలో చదివి యింటికి వచ్చినపుడు అప్పుడప్పుడు ‘అస్తిత్వవాదము’ అను మాటను, మార్టిన్ హైడెగ్గరు అను జర్మను తత్త్వవేత్త పేరును వెంట తెచ్చుచుందురు. పెద్దలు వారికి సాధారణముగా రెండు విధముల బదులు చెప్పుదురు. ‘అది పాశ్చాత్యుల నాస్తికము, మనకేల?’ అనునది ఒకటి. ‘అదంతయు మన శరణులు ఎనిమిది వందల యేండ్లకు పూర్వమే చెప్పియున్నారు’ అనునది రెండవది. మొదటి బదులు తలుపు మూయును. రెండవది తలుపు తెరచినట్లే కనబడి లోపలికి పోనీయదు. రెండింటివలనను అడిగిన బిడ్డ నోరు మూతపడును.

కావున ఆ రెండు బదులులను ప్రక్కనుంచి, ఆయన అడిగిన ప్రశ్న యేమో మన తెలుగులో, మన పరిసరముల ఉదాహరణములతో ముందు తెలిసికొందము. అంగీకరించుటయో, త్రోసిపుచ్చుటయో తరువాతి మాట.

1. ప్రశ్న యేమి?

హైడెగ్గరు 1889లో దక్షిణ జర్మనీలోని మెస్కిర్క్ అను చిన్న పట్టణమున జన్మించెను. తండ్రి అచటి చర్చిలో పరిచారకుడు. పీపాలు చేయుట ఆయన వృత్తి. హైడెగ్గరు ఫ్రైబుర్గ్ విశ్వవిద్యాలయమున ఆచార్య హుస్సెర్ల్‌కు సహాయకుడుగా పనిచేసి, 1928లో ఆయన పీఠమునకే వారసుడయ్యెను. అంతకు ముందు సంవత్సరము, 1927లో, ‘సత్త – కాలము’ అను అర్థమిచ్చు పేరుతో ఆయన ప్రధాన గ్రంథము వెలువడెను. తలపెట్టిన దానిలో కొంత భాగమే అచ్చయినది. 1976లో మరణించువరకు ఆయన ఆ ఒక్క ప్రశ్న చుట్టునే తిరిగెను.

శాస్త్రములన్నియు ఉన్నవాటిని గూర్చి విచారించును. వ్యవసాయశాస్త్రము వరిని గూర్చియు, జీవశాస్త్రము చేపను గూర్చియు చెప్పును. తాడేపల్లిగూడెములో 2015లో ఏర్పడిన జాతీయ సాంకేతిక విద్యాసంస్థలో విద్యార్థులు లోహమును, విద్యుత్తును పరిశీలింతురు. ఇవన్నియు అవసరమైన విద్యలే. కాని వరి ఉన్నది, చేప ఉన్నది, లోహము ఉన్నది అని మనము పలుకునప్పుడు అన్నిటికిని సమానముగా చెప్పిన ఆ ‘ఉండుట’ యేమి? ఏ శాస్త్రమునకును అది పాఠ్యాంశము కాదు.

కొల్లేటిలో కొంగ యున్నది, దోనె యున్నది, నీరున్నది. ‘ఉండుట’ అను నాల్గవ వస్తువు కొఱకు సరస్సంతయు గాలించినను దొరకదు. అయినను అది లేక మొదటి మూడును లేవు. ఉన్నది వేరు, ఉండుట వేరు. ఈ భేదమును పాశ్చాత్య తత్త్వశాస్త్రము క్రమముగా మరచినదని హైడెగ్గరు చేసిన ప్రధానారోపణ. దేవుని సహితము అన్నిటికంటె గొప్పదైన ఒక ‘ఉన్నది’గా లెక్కించి ఊరకుండిన తత్త్వము ఈ ప్రశ్నను మరచినదే యని ఆయన అభిప్రాయము. ఆయన ‘ఉండుట’ అన్నచోట ‘దేవుడు’ అని మనము చదువుకొనుట తొందరపాటగును.

2. తెలుగు నుడి చూపు దారి

పెక్కు ఐరోపా భాషలలో ‘అతడు రైతు’ అనుటకును, ‘అతడు ఉన్నాడు’ అనుటకును ఒకే క్రియ పనిచేయును. అందువలన ఫలానా వస్తువు ఫలానాది అగుటయు, అది ఉండుటయు ఒకదానిలో నొకటి కలిసిపోయినవి. తెలుగులో ఆ కలగలుపు లేదు. ‘కొల్లేరు సరస్సు’ అన్నప్పుడు క్రియయే అక్కరలేదు. ‘కొల్లేరు ఉన్నది’ అన్నప్పుడు మాత్రమే ‘ఉండు’ వచ్చును. నిషేధములోను అంతే. ‘ఇది సముద్రము కాదు’ అనుట వేరు, ‘ఇందులో నీరు లేదు’ అనుట వేరు. కాదు, లేదు అను రెండు మాటల నడుమ మన పసిబిడ్డలు సహితము పొరపడరు. ఐరోపావారు శ్రమపడి విడదీయవలసిన దానిని మన భాష విడదీసియే యిచ్చినది.

మరియొక విశేషము. ‘వారు ఎక్కడ ఉంటారు?’ అని మనమడుగునది నివాసమును గూర్చి. ‘ఉనికి’ అను మాటకు సత్త అనియు, నివాసము అనియు రెండర్థములు కలవు. ‘ఉనికిపట్టు’ అన్న నివాసస్థానమే. హైడెగ్గరు 1951లో చేసిన యొక యుపన్యాసమున, కట్టుట, నివసించుట, ఉండుట అను భావములు జర్మను భాష వేళ్ళలో ఒకదానికొకటి చుట్టములని వాదించెను. మనిషి ముందు ఉండి, తరువాత ఒకచోట నివసించుట లేదు; నివసించుటయే మనిషి ఉండు తీరు. ఈ మాట చెప్పుటకు ఆయన పాత పదముల పుట్టుక త్రవ్వవలసి వచ్చెను. మన యింటి ముంగిట ‘ఎక్కడుంటారండీ?’ అని యడుగు బాటసారి నోట అది నేటికిని తేటగానే యున్నది.

3. పనిముట్టు, నలుగురు, దిగులు

వస్తువులు మనకు మొదట ఎట్లు ఎదురగును? దూరముగా నిలిచి పరిశీలించు పదార్థములుగా కాదు, వాడుకలో ఎదురగునని ఆయన చెప్పెను. కొల్లేటి జాలరి తాటిదోనెపై పోవుచు వల విసరునప్పుడు వలను గూర్చి ఆలోచింపడు. అతని మనస్సు చేపమీదను, సంతమీదను, ఇంటిలోని పొయ్యిమీదను ఉండును. వల తెగిననాడు మాత్రమే అది ‘వల’గా కంటబడును. అప్పుడే దానితో ముడివడిన చేప, సంత, పొయ్యి అన్నియు ఒక్కసారిగా తలపునకు వచ్చును. ఈ ముడుల అల్లికకే ఆయన ‘లోకము’ అని పేరు పెట్టెను.

ఆ లోకమున మనిషి ఒక్కడే తన ఉనికిని గూర్చి తాను చింతించువాడు. అందుచేతనే ఆయన మనిషికి ‘డాసైన్’ అను పేరు వాడెను. మాటకు మాట పెట్టిన ‘అక్కడుండుట’ యగును. కాని దినదినమును మనము మన బ్రదుకును మనమే నడపుకొనుట అరుదు. ‘అందరు’ ఎట్లు చేసిన అట్లు చేయుదుము. ఈ ‘అందరు’ ఎవరో చూపుమన్న ఎవరును కనబడరు. మన తెలుగులో దీనికి చక్కని మాట కలదు: ‘నలుగురు’. నలుగురు ఏమనుకొందురో అని పెండ్లిఖర్చు పెంచుదుము, నలుగురితో పాటని ఊరకుందుము. లెక్కకు నలుగురే కాని వారిలో ఒక్కనికిని ముఖము లేదు.

ఈ నలుగురి పట్టు సడలునది దిగులు కలిగినపుడు. భయమునకు విషయము కలదు. బుడమేరు పొంగునేమో అనుట భయము. 2020 డిసెంబరులో ఏలూరులో వందలమంది ఉన్నట్టుండి మూర్ఛలతో పడిపోయినపుడు కారణము తెలియకున్నను అదియు భయమే. ఏదో హాని మీదికి వచ్చుచున్నదని అందరికిని తెలియును. దిగులు అట్టిది కాదు. ‘ఏమిటో దిగులుగా ఉన్నది’ అందుము. ఎందుకని యడిగిన ‘ఏమీ లేదు’ అందుము. ఆ ‘ఏమీ లేదు’ అను మాటను హైడెగ్గరు 1929 నాటి యుపన్యాసమున ముఖ్యముగా తీసికొనెను. వస్తువులన్నియు జారిపోయినట్లు తోచిన ఆ క్షణముననే అసలు ఇవన్నియు ఉన్నవి కదా యను ఆశ్చర్యము కలుగునని ఆయన భావము. తన మరణము తనదే, దానిని తనకు బదులు నలుగురు పంచుకొనజాలరు అని మనిషికి తెలియునదియు ఇట్టి చోటనే.

4. కొల్లేరు ఎట్లున్నది?

ఈ విచారము గ్రంథములకే పరిమితమా? కాదు. 1953లో సాంకేతికతను గూర్చి చేసిన ప్రసంగమున హైడెగ్గరు రైన్ నదిని ఉదాహరించెను. విద్యుత్కేంద్రము కట్టిన తరువాత నది శక్తినిచ్చు నిలువగా మాత్రమే కనబడునని ఆయన చెప్పెను. ఆయన దోషమెంచినది యంత్రమును కాదు. ప్రతిదానిని గిడ్డంగిలోని సరుకువలె చూచు చూపును ఆయన ప్రశ్నించెను. అట్టి చూపునకు తుదకు మనిషియు సరుకే యగును.

ఇపుడు మన కొల్లేటిని చూడుడు. కృష్ణా, గోదావరి డెల్టాల నడుమ పల్లమున బుడమేరు, తమ్మిలేరు మొదలగు వాగుల నీరు చేరి, ఉప్పుటేరు గుండా సముద్రమున కలియును. వానకాలమున విస్తరించి వేసవిని ముడుచుకొనును. దీనికి గట్టి యెల్ల లేదు. పెరుగుటయు తరుగుటయు దాని ఉండు తీరు. దీనినే చేపలచెరువుల గట్లు ఎకరములుగా విడదీసినవి. 1999లో ప్రభుత్వము అయిదవ కాంటూరు వరకు, అనగా 308 చదరపు కిలోమీటర్లు, అభయారణ్యముగా ప్రకటించెను. 2002లో రాంసర్ ఒప్పందపు జాబితాలో చేరెను. 2006లో కాంటూరు లోపలి చెరువుల గట్లను ప్రేల్చివేసిరి. 2008లో ఆ హద్దును మూడవ కాంటూరునకు కుదింపవలెనని శాసనసభ తీర్మానించెను. అప్పటినుండి ఆ వాదము కొల్లేటి చాంతాడువలె సాగుచునే యున్నది.

చెరువుపై బ్రదుకు కుటుంబమును నిందించుట ఈ పాఠమున కుద్దేశము కాదు. ఆకలి గలవానికి తత్త్వము చెప్పి పంపుట ధర్మము కాదు. గమనింపవలసినది వేరొకటి. చెరువు త్రవ్వినవాడు ఎకరములు లెక్కించెను. కాపాడ వచ్చినవాడు అడుగులు, చదరపు కిలోమీటర్లు లెక్కించెను. ఇరువురి చేతిలోను కొలబద్దయే. కొలబద్ద లేక పాలన సాగదు, నిజమే. కాని అయిదా, మూడా అను వాదమున ‘కొల్లేరు ఎట్లున్నది?’ అను ప్రశ్నకు చోటు దొరకలేదు. నీరు తీసినపుడు ఒక తీరుగను, నీరు వచ్చినపుడు ఒక తీరుగను బ్రదుకు లంకగ్రామములవారికిని, కొల్లేటికోట పెద్దింట్లమ్మ కడకు పోవు భక్తులకును ఆ సరస్సు ఉనికిపట్టు. అంకె తప్పు కాదు. అంకెయే సర్వమనుకొనుట తప్పు.

5. బయలు: పోలిక, హెచ్చరిక

సత్యమనగా దాగినది వెలికి వచ్చుట యని, ప్రాచీన గ్రీకు పదమును ఆధారముగా చేసికొని హైడెగ్గరు బోధించెను. తెలుగువాడు దీనిని ‘బయలుపడుట’ అనును. వెలుగు చొరబడుటకు అడవి నడుమ చెట్లు లేని తావు ఉండవలెను కదా; ఉన్నవన్నియు కనబడుటకు అట్టి తెరపి యొకటి కావలెనని ఆయన ఉపమానము. మన మాటలో అది బయలు. అల్లమప్రభువును, శరణుల నిర్బయలును ఎరిగిన మన పాఠకునకు ఇక్కడ హృదయము పొంగుట సహజము.

ఇక్కడనే ఆగవలెను. శరణుల బయలు సాధనమార్గపు ఫలము. దానికి ముందు గురువు, ఇష్టలింగము, షట్‌స్థల క్రమము, కాయకము, దాసోహము కలవు. దాని తుద లింగాంగ సామరస్యము. హైడెగ్గరు తెరపికి ముందు అట్టి సాధన లేదు, వెనుక అట్టి యైక్యము లేదు. మరణము ఆయన విచారమున మానవజీవితపు ఎల్ల. ఆవలి సంగతిని ఆయన నిర్ణయింపలేదు. మనకు అది లింగైక్యము. ఒకే మాట రెండింటికిని సరిపోయినంత మాత్రమున వస్తువు ఒకటి కాదు. పోలిక మంచి తలుపే, కాని తలుపును చూచి యింటిని చూచితిననరాదు.

6. నుడి, నడ

చివరి విషయము మిక్కిలి బరువైనది. 1933 ఏప్రిలులో హైడెగ్గరు ఫ్రైబుర్గ్ విశ్వవిద్యాలయమునకు అధ్యక్షుడయ్యెను. మే నెలలో నాజీ పక్షమున చేరెను. మరుసటి యేడు పదవిని విడిచెనే కాని పక్షసభ్యత్వమును 1945 వరకు విడువలేదు. గురుస్థానీయుడగు హుస్సెర్ల్ యూదుకుటుంబమున పుట్టినవాడు. 1941 నాటి ముద్రణములో ‘సత్త – కాలము’ నుండి ఆయనకు చేసిన అంకితము తొలగింపబడెను. 2014 నుండి వెలువడిన హైడెగ్గరు చేతిపుస్తకములలో యూదులపై ద్వేషవాక్యములు కనబడినవి. లక్షలాది యూదుల సంహారమును గూర్చి ఆయన బహిరంగముగా పశ్చాత్తాపము ప్రకటింపలేదు.

నలుగురి వెంట పోవుట యేమో అంత సూక్ష్మముగా వ్రాసినవాడు తానే నలుగురి వెంట పోయెను. దీనిని దాచి ఆయనను చదువుట అసత్యము. దీనిని చూపి ప్రశ్నను పారవేయుటయు తగదు, ఏలయనగా ప్రశ్న ఆయన సొత్తు కాదు. శరణులు నుడికి నడ తోడుండవలెనని యడిగిరి. కళ్యాణమున బ్రాహ్మణ కులమున పుట్టిన మధువయ్య కుమార్తెకును, చర్మకార కులమున పుట్టిన హరళయ్య కుమారునకును జరిగిన వివాహమును బసవేశ్వరుడు సమర్థించెననియు, దానికి శరణులు ప్రాణములతో వెల చెల్లించిరనియు మన సంప్రదాయము చెప్పుచున్నది. అక్కడ నలుగురిని కాదనుట మాటగా మిగిలిపోలేదు.

ఆ కొలత హైడెగ్గరునకు మాత్రమేనా? మన సంబంధములు కుదుర్చుకొనునపుడు మనము ఎవరిని అడుగుచున్నాము: బసవేశ్వరునా, నలుగురినా? ఈ ప్రశ్నను మనపై వేసికొనిన తరువాతనే ఆ జర్మను ఆచార్యునికి తీర్పు చెప్పు అర్హత మనకు కలుగును.

ఇంటను, మఠమునను చర్చకు

1. ‘కాదు’, ‘లేదు’ అను మాటలు వచ్చు అయిదేసి వాక్యములు వ్రాసి, ఒకదాని చోట రెండవదానిని పెట్టి చూడుడు. అర్థమున వచ్చు మార్పేమి?

2. మీ వృత్తిలో ఏ పనిముట్టు చెడినపుడు మాత్రమే కంటబడును? దానితో ఎన్ని ముడులు కనబడినవి?

3. మీ యూరి చెరువునో, కాలువనో కొలతలు చెప్పకుండ వర్ణింపుడు. వయోవృద్ధులను, పిల్లలను వేర్వేరుగా అడుగుడు.

4. గడచిన సంవత్సరమున మీ యింట జరిగిన ముఖ్యనిర్ణయములలో ‘నలుగురు’ చేసినదెన్ని, మీరు చేసినదెన్ని?