ఫర్హాబాద్ దారిలో

కృష్ణానదికి ఇరువైపులా విస్తరించిన నల్లమల అడవులు తెలుగువారికి కొత్తవి కావు. శ్రీశైల మల్లికార్జునుని దర్శనానికి వెళ్ళే యాత్రికులందరూ ఈ అడవులలో కొంతదూరం ప్రయాణించినవారే. అయితే బస్సు కిటికీలో నుంచి చూసిన అడవి వేరు, అడవి తెలిసినవాని వెంట వెళ్ళి చూసిన అడవి వేరు. ఈ భేదం నాకు మన్ననూరు సమీపంలోని ఫర్హాబాద్ అటవీమార్గంలో చేసిన ఒక ఉదయపు ప్రయాణంలో తెలిసివచ్చింది. ఆ ప్రయాణం గంటన్నరకు మించనిది. చూసిన జంతువులు కూడా తక్కువే.

హైదరాబాదు నుంచి శ్రీశైలం వెళ్ళే రహదారిలో కల్వకుర్తి, డిండి దాటి హాజీపూరు చేరేసరికి కొండల వరుస ఎదురుగా అడ్డుగోడ వలె నిలుస్తుంది. అక్కడి నుంచి దారి మలుపులు తిరుగుతూ పైకి ఎక్కుతుంది. హైదరాబాదుకు సుమారు 140 కిలోమీటర్ల దూరంలో ఉన్న మన్ననూరు ఈ అడవికి ముఖద్వారం. అటవీశాఖవారి తనిఖీ కేంద్రం ఇక్కడే ఉంది. రాత్రి తొమ్మిది గంటల నుంచి ఉదయం ఆరు గంటల వరకు ఈ ద్వారం మూసి ఉంటుంది. మేము ముందునాటి రాత్రి అక్కడికి చేరేసరికి తొమ్మిది దాటింది. మా ఉద్దేశం మన్ననూరులోనే బస చేయడం గనుక మాకు ఇబ్బంది కలుగలేదు. కాని మా ముందున్న కారులోనివారు తెల్లవారుజామున అభిషేకానికి అందుకోవాలని, పది నిమిషాల ఆలస్యానికి ఇంత పట్టుదల తగదని అక్కడి కాపలాదారుతో వాదిస్తున్నారు. అతడు ఎవరినీ నొప్పించకుండా ఒకటే మాట అన్నాడు: "రాత్రిపూట ఈ దారి వాటిది సార్."

ఆ మాటలో అతిశయోక్తి ఏమీ లేదు. వేసవి సమీపించిన కొద్దీ అడవిలోని చెలమలు ఎండిపోతాయి. నీరు మిగిలిన తావులకు చేరడానికి మృగాలు రాత్రివేళ రహదారిని దాటుతాయి. వాహనాల దీపకాంతి కళ్ళలో పడితే దుప్పి, కణితి వంటివి దిక్కుతోచక దారి నడుమనే నిలబడిపోతాయి. పగటిపూట సైతం ఈ రహదారిపై వాహనాల కింద పడి మరణించే ప్రాణులు ఎన్నో ఉన్నాయి. పైగా యాత్రికులు విసరివేసే అరటిపండ్లకూ పులిహోర పొట్లాలకూ అలవాటుపడిన కోతులు అడవిని విడిచి రోడ్డు పక్కనే కాపురముంటున్నాయి. పుణ్యమని చేసే ఆ దానం వాటి ప్రాణాలమీదికే వస్తున్నది.

ఈ అడవికి అభయారణ్యమన్న హోదా లభించినది 1978లో. నాగార్జునసాగర్ - శ్రీశైలం అభయారణ్యమన్న పేరుతో ఇది నాటి మహబూబ్‌నగర్, నల్లగొండ, కర్నూలు, ప్రకాశం, గుంటూరు జిల్లాలలో వ్యాపించి ఉండేది. 1973లో దేశంలో ప్రారంభమైన పులుల పరిరక్షణ పథకం పరిధిలోకి దీనిని 1983లో చేర్చారు. అప్పటి విస్తీర్ణం 3,568 చదరపు కిలోమీటర్లు. 2014లో రాష్ట్ర విభజన జరిగినప్పుడు కృష్ణకు ఉత్తరాన ఉన్న భాగం తెలంగాణలో అమ్రాబాద్ పులుల అభయారణ్యంగా ఏర్పడింది. నేడు దాని విస్తీర్ణం సుమారు 2,611 చదరపు కిలోమీటర్లు. కాగితం మీద అడవి రెండుగా చీలినా, పులులు మాత్రం ఈత నేర్చిన జంతువులు గనుక నదిని హద్దుగా ఎంచవు.

మరునాటి ఉదయం మేము ఆరుగురం పైకప్పు లేని ఒక వాహనంలో ఎక్కాము. మాతో పాటు ఒక వృద్ధురాలు, ఆమె మనుమడు, మరొక దంపతులు ఉన్నారు. మాకు దారి చూపడానికి వచ్చినవాడు చెంచు యువకుడు. పాతికేళ్ళు ఉండవచ్చు. అతని పెంట అడవి లోపలే ఉన్నది. చెంచులు తమ గూడేలను పెంటలని పిలుస్తారు. బయలుదేరే ముందు అతడు మా చేతులలోని ప్లాస్టిక్ సంచులను తీసి గేటు దగ్గర ఉంచి, మూడు మాటలు చెప్పాడు: బండి దిగవద్దు, గట్టిగా మాట్లాడవద్దు, ఏది కనిపించినా వేలెత్తి అరవవద్దు. "అరిస్తే మీకు కనపడదు, మీ వెనకటోళ్ళకు కూడా కనపడదు" అన్నాడు.

అది ఫాల్గుణమాసం. ఈ అడవిని పచ్చదనం కోసం చూడవలెనంటే వానల అనంతరం రావలెను. వర్షాకాలపు మూడు నెలలు లోపలికి సందర్శకులను అనుమతించరు. ఫాల్గుణంలో నల్లమల సగం ఆకు రాల్చి ఉంటుంది. అందువల్ల చూపు దూరం పారుతుంది. ఎగిస, నల్లమద్ది, చిరుమాను, తునికి, ఇప్ప, నేరేడు చెట్ల మధ్య అక్కడక్కడ మోదుగలు నిప్పుకణికల వలె పూచి ఉన్నాయి. కొండవాలున ఆకులన్నీ రాల్చి, తెల్లగా నిగనిగలాడే కాండంతో నిలిచిన చెట్టొకటి కనిపించింది. చీకటిలో చూస్తే దయ్యమనుకునేట్లు ఉన్నది. అది తపసి చెట్టని మా మార్గదర్శి చెప్పాడు. దాని నుంచి కారే జిగురును సేకరించి గిరిజన సహకార సంస్థకు అమ్మడం చెంచుల జీవనాధారాలలో ఒకటి. గాటు లోతుగా పెడితే ఆ ఏడు జిగురు ఎక్కువ వస్తుంది కాని చెట్టు చచ్చిపోతుంది. "మా నాయిన వేలెడు మందం కూడా కొట్టనియ్యడు" అన్నాడతడు.

కొంతదూరం పోయిన పిమ్మట వాహనం ఆగింది. పిల్లవాడు లేచి నిలబడ్డాడు. ఎదుట ఏమీ లేదు. మార్గదర్శి బండి పక్కకు వంగి నేలను చూపాడు. మెత్తని దుమ్ములో ఒక పాదముద్ర. నాలుగు వేళ్ళు, వాటి వెనుక వెడల్పైన మడమ భాగం. మాకు అది పెద్ద కుక్క అడుగు వలె తోచింది. కుక్క అడుగులోనైతే గోళ్ళ గుర్తులు పడతాయనీ, పులి నడిచేటప్పుడు గోళ్ళను లోపలికి ముడుచుకుంటుంది గనుక అవి నేలపై పడవనీ అతడు వివరించాడు. ముద్ర చతురస్రాన్ని పోలి ఉంటే మగది, కొంచెం పొడవుగా ఉంటే ఆడది అని సాధారణంగా గుర్తిస్తారట. ముద్ర అంచులు ఇంకా విరిగిపడలేదు, దానిమీద రాత్రి పురుగులు పాకిన గీతలు లేవు. కనుక అది తెల్లవారిన తరువాత వేసిన అడుగు. ఆ నాలుగు వేళ్ళ ముద్రలో ఇంత సమాచారం ఇమిడి ఉన్నదని మాలో ఎవరికీ తెలియదు. అక్షరాలు రానివాని ముందు పుస్తకం తెరచి ఉంచినట్లు ఇంతసేపూ ఆ అడవి మా ముందు తెరచుకొని ఉన్నదని నాకు అప్పుడు తోచింది.

ఒకప్పుడు పులుల లెక్క ఈ అడుగుల మీదనే ఆధారపడి ఉండేది. ముద్రలపై గాజుపలక ఉంచి గీసుకొని, పోల్చి చూసేవారు. నేల స్వభావాన్ని బట్టి ఒకే పులి అడుగు రెండు విధాలుగా పడవచ్చు. అందువల్ల లెక్క తప్పేది. 2006 నుంచి దేశమంతటా చెట్లకు అమర్చిన కెమెరాలకు ప్రాధాన్యం వచ్చింది. జంతువు ఎదుటికి రాగానే కెమెరా దానంతట అదే చిత్రం తీస్తుంది. మనుషుల వేలిముద్రల వలె ఏ రెండు పులుల చారలూ ఒకటిగా ఉండవు. కాబట్టి చిత్రాలను పోల్చి ఒక్కొక్క పులినీ గుర్తుపట్టగలరు. అయితే కెమెరాను ఏ చెట్టుకు కట్టవలెనో చెప్పడానికి నేటికీ అడుగులు చదవగలిగిన మనిషే కావాలి. ఆ పనిలో అటవీశాఖకు చెంచులు చేసే సాయం చిన్నది కాదు.

మేము ముందుకు కదలబోతుండగా లోయలో నుంచి ఒక్కసారిగా పెద్ద ధ్వని వినిపించింది. పాతకాలపు మోటారు హారను వలె ఉన్నది. మార్గదర్శి చేయి ఎత్తగానే వాహనం ఆగింది. మళ్ళీ అదే ధ్వని. "కణితి" అని మెల్లగా అన్నాడు. "దుప్పి ఆకు కదిలినా భయపడి అరుస్తది సార్. కోతులు చిరుతను చూసినా అరుస్తయి, మమ్ముల చూసినా అరుస్తయి. కణితి అట్ల కాదు. కళ్ళతోని చూస్తేనే అరుస్తది." అంతటా నిశ్శబ్దం అలముకొన్నది. వృద్ధురాలు మనుమని భుజంపై చేయి వేసి కూర్చున్నారు. కొండముచ్చులు కొమ్మల చివరలకు చేరి ఒకే దిక్కుకు చూస్తున్నాయి. వెదురు పొదలు కదలినట్లయింది. పది నిమిషాలు గడిచాయి. ఏదీ బయటికి రాలేదు. కొంతసేపటికి కొండముచ్చులు మళ్ళీ చిగుళ్ళు తెంపుకొని తినడం ప్రారంభించాయి. "పోయింది" అన్నాడు మార్గదర్శి. వెనుక కూర్చున్న ఆయన పెద్దగా నిట్టూర్చి, ఇచ్చిన డబ్బు వృథా అయిందన్నట్లు ముఖం పెట్టాడు. నా మట్టుకు ఆ పది నిమిషాల వంటి పది నిమిషాలు జీవితంలో తక్కువగా ఉన్నాయి.

దారిలో నిజాం కాలపు వేట విడిది శిథిలాలను చూపారు. ఫర్హాబాద్ అంటే సంతోషాల ఊరని అర్థం. ఆంగ్లేయులు దీనిని మౌంట్ ప్లెజంట్ అనేవారు. ఆ సంతోషం ఎవరిదో, ఎవరి ప్రాణాలమీద పొందినదో కూలిన గోడలే చెబుతున్నాయి. ఒకనాడు తుపాకులతో వచ్చిన దారినే 2017లో ఒక చిన్న జీవిని తెచ్చి విడిచారు. అది మూషిక జింక. కుందేలు కంటె కొంచెం పెద్దది, కొమ్ములు లేనిది. హైదరాబాదు జంతుప్రదర్శనశాలలో వాటిని పెంచి, సంఖ్య వృద్ధి చేసి, కొన్నింటిని ఈ అడవికి తిరిగి అప్పగించారు. అది రాత్రించరం గనుక మాకు కనిపించే అవకాశమే లేదు.

మార్గం చివర కొండ హఠాత్తుగా తెగిపోతుంది. అంచున నిలబడితే దిగువన మైదానం, పొలాల గళ్ళు, చెరువుల తళుకులు, పల్లెలు బొమ్మల వలె కనిపిస్తాయి. అందరూ ఛాయాచిత్రాలు తీసుకొంటున్నారు. మార్గదర్శి మాత్రం లోయ వైపు కాక పక్కనున్న రాతిగోడ వైపు చూస్తున్నాడు. అక్కడ పెద్ద పెద్ద తేనెపట్టులు నల్లగా వ్రేలాడుతున్నాయి. చెంచులు ఆ అంచు నుంచి తాడు కట్టుకొని దిగి, పొగవేసి తేనె తీస్తారు. పైన తాడు పట్టుకొని నిలిచేవాడు ఎవరై ఉండవలెనన్న విషయంలో వారికి ఒక కట్టుబాటు ఉన్నది. అన్నదమ్ములకు ఆ తాడు ఇవ్వరు. భార్య సోదరునికే ఇస్తారు. తన తోబుట్టువు పసుపుకుంకుమలు ఆ తాడు చివర ఉన్నాయి గనుక అతడు చేయి వదలడని వారి నమ్మకం. "మీ తాడు ఎవరు పడతారు?" అని అడిగాను. "నాకింకా పెండ్లి కాలేదు సార్" అని సిగ్గుపడ్డాడు.

మాటల సందర్భంలో పెంటల ప్రస్తావన వచ్చింది. చెంచులను గురించి హైమండార్ఫ్ అనే శాస్త్రవేత్త 1940లో ఈ కొండలలోనే నివసించి పరిశోధించి, 1943లో గ్రంథం వెలువరించాడు. నాటి పెంటలు కొన్ని నేటికీ ఉన్నాయి. అభయారణ్యపు అంతర్భాగంలో ఉన్న కుటుంబాలు సమ్మతిస్తే వెలుపలికి తరలించే ఏర్పాటు ఉన్నది. కుటుంబానికి ఇచ్చే పరిహారాన్ని 2021లో 15 లక్షల రూపాయలకు పెంచారు. అడవిలో ఉన్న హక్కులను 2006 నాటి చట్టం గుర్తించింది. సమ్మతి లేనిదే ఎవరినీ కదిలించరాదు. మా మార్గదర్శి అన్న బయటికి పోదామంటాడు. బడి, ఆస్పత్రి, కరెంటు కావాలంటాడు. తండ్రి ఒప్పుకోడు. "నీకేమనిపిస్తుంది?" అన్నాను. అతడు కొంతసేపు మాట్లాడలేదు. "అన్న చెప్పింది నిజమే సార్. చెల్లెకు జ్వరమొస్తే మోసుకొని నడిచినం. కాని బయట నేను ఏం పని చేయాలె? నాకు వచ్చిన పని ఇదొక్కటే" అన్నాడు.

పులికి నిరాటంకమైన అడవి కావాలన్న వాదంలో బలం ఉన్నది. అది నేను కాదనను. అయితే ఆ ఉదయం మాకు పులి జాడ చూపినవాడు ఆ అడవిలో పుట్టి పెరిగినవాడు. అతని పిల్లలు పట్టణపు కాలనీలో పెరిగితే కణితి అరుపుకూ దుప్పి అరుపుకూ భేదం చెప్పగలరా? అట్లని వైద్యం అందని చోట వారిని ఉండమనడానికి రోడ్డు పక్కన ఆస్పత్రి ఉన్న మనకు అధికారం ఎక్కడిది? పెంట దాకా వైద్యం, చదువు తీసుకొనిపోవడానికి ముందు ప్రయత్నం జరిగిన తరువాతనే సమ్మతి అన్న మాటకు అర్థం ఉంటుందని నా అభిప్రాయం.

తిరుగు ప్రయాణంలో ఎండ పెరిగింది. దారి పక్కన సిమెంటుతో పళ్ళెం వలె కట్టిన నీటితొట్టి దగ్గర ఒక నెమలి, నాలుగు దుప్పులు నీరు త్రాగుతున్నాయి. పిల్లవాడు అరవబోయి, తానే నోరు మూసుకొన్నాడు.

గేటు దగ్గర దిగగానే తరువాతి వాహనం కోసం వేచి ఉన్నవారు మమ్మల్ని చుట్టుముట్టి "ఏమైనా కనిపించిందా?" అని అడిగారు. "ఏమీ లేదండి, నాలుగు దుప్పులు" అని వెనుక సీటు ఆయన జవాబిచ్చాడు. మార్గదర్శి గదిలోకి వెళ్ళి అటవీశాఖ పుస్తకం తెరిచాడు. తలుపు దగ్గర నిలిచి చూశాను. గుండ్రని చేతివ్రాతతో అతడు ఆనాటి తేదీ వేసి, దాని కింద రాస్తున్నాడు: పులి అడుగు, మగది, కొత్తది. కణితి పిలుపు, రెండుసార్లు.