మరియ: ఒక పేరు పుట్టుక, ప్రయాణం

మదనపల్లె, పుంగనూరు, కుప్పం పట్టణాలు తెలుగుతోపాటు కన్నడం, తమిళం, ఉర్దూ వినిపించే సీమలో ఉన్నాయి. ఈ ప్రాంతపు పాఠశాలల హాజరుపట్టీలలో మేరీ, మరియమ్మ, మరియంబీ అనే పేర్లు కనిపించడం వింత కాదు. మొదటి రెండూ సాధారణంగా క్రైస్తవ కుటుంబాలలోని ఆడపిల్లల పేర్లు. మూడవది ముస్లిం కుటుంబాలలోనిది. ఈ సీమలోనే ఊరి పొలిమేరలో మారెమ్మ గుడి ఉంటుంది. తమిళ సరిహద్దుకు చేరువైన కుప్పం వైపు ఆ దేవతను మారియమ్మ అని కూడా పిలుస్తారు. చెవికి ఈ నాలుగు పేర్లూ తోబుట్టువులవలె తోస్తాయి. వీటిలో మూడు నిజంగా ఒకే పేరు. నాలుగవది వేరు. ఆ వేరైనది ఏదో చెవి తేల్చలేదు. పదాల చరిత్రను పరిశీలించి తేల్చవలసి ఉంటుంది.

మేరీ, మరియమ్మ, మరియంబీ అనే మూడింటికీ మూలరూపం హీబ్రూ భాషలోని 'మిర్యామ్'. బైబిలులోని నిర్గమకాండంలో ఈ పేరు గల స్త్రీ కనిపిస్తుంది. ఆమె మోషే, అహరోనులకు సోదరి. ఇశ్రాయేలీయులు ఐగుప్తు దాస్యం నుండి బయటపడి సముద్రాన్ని దాటిన వేళ ఆమె వాద్యం చేతబట్టి స్త్రీలందరినీ ముందుకు నడిపి పాడించిందని ఆ గ్రంథం చెబుతుంది. ఆమెకు ప్రవక్త్రి అనే గౌరవం కూడా ఉంది. తరువాతి కాలంలో యూదులు ఈ పేరును ఎంతగానో ఇష్టపడ్డారు. క్రీస్తుశకం మొదటి శతాబ్ది నాటికి పాలస్తీనాలో ఆడపిల్లలకు అత్యధికంగా పెట్టిన పేర్లలో ఇది ఒకటి. సువార్తలలో ఏసు తల్లి మరియ, మగ్దలేనే మరియ, బేతనియ మరియ అని పలువురు మరియలు ఎదురుపడటానికి కారణం ఇదే. మన పల్లెలలో ముగ్గురు లక్ష్మమ్మలు ఉంటే ఇంటిపేరో, పుట్టిన ఊరి పేరో ముందు చేర్చి గుర్తించడం వంటిదే ఇదీ.

హీబ్రూలో మిర్యామ్ అయిన పేరు గ్రీకులో మరియ ఎట్లా అయింది? దీనికి సమాధానం లిపిలో ఉన్నది. ప్రాచీన హీబ్రూ లిపిలో ప్రధానంగా హల్లులనే వ్రాసేవారు. అచ్చులను చదువరి తన వాడుకను బట్టి చేర్చుకొనేవాడు. గుణింతాలతో చదువు ప్రారంభించిన తెలుగు విద్యార్థికి ఇది ఊహకు సులభంగా అందదు. తలకట్టు, గుడి, దీర్ఘం ఏవీ లేకుండా మ్, ర్, య్, మ్ అనే నాలుగు హల్లులను మాత్రమే వరుసగా వ్రాసినట్లు భావించాలి. వాటిని మిర్యామ్ అనీ చదువవచ్చు, మర్యామ్ అనీ చదువవచ్చు. క్రీస్తుపూర్వపు శతాబ్దాలలో యూదుల పవిత్రగ్రంథాన్ని గ్రీకులోకి అనువదించినవారు దీనిని 'మరియామ్' అని వ్రాశారు. ఆ తరువాత ఎన్నో శతాబ్దాలకు మాసొరెట్లు అనే యూదు పండితులు పవిత్రగ్రంథ పఠనం చెడిపోకుండా అచ్చులకు ప్రత్యేకమైన గుర్తులు చేర్చినప్పుడు 'మిర్యామ్' అనే ఉచ్చారణ స్థిరపడింది. గ్రీకులో చివరి 'మ్' జారిపోగా మరియ మిగిలింది. లాటిను భాష ఆ రూపాన్నే గ్రహించింది.

తెలుగు బైబిలులో ఈ రెండు రూపాలూ ఉన్నాయి. పాతనిబంధన హీబ్రూ నుండి వచ్చినది కనుక మోషే సోదరి అందులో 'మిర్యాము' అయింది. కొత్తనిబంధన గ్రీకు నుండి వచ్చినది కనుక ఏసు తల్లి 'మరియ' అయింది. ఒకే పేరు ఒకే గ్రంథంలో రెండు వేషాలు ధరించిందన్నమాట. మిర్యాముకు చివర 'ము' చేరడం తెలుగు భాషకు సహజమైన ముగింపు. తెలుగు బైబిలును సవరించిన పండితసంఘానికి అధ్యక్షత వహించిన జేకబ్ ఛేంబర్లిన్ మదనపల్లెలో చిరకాలం నివసించినవాడే. ఆయన అమెరికా రిఫార్మ్డ్ చర్చికి చెందిన ఆర్కాటు మిషన్ వైద్యుడు, మతబోధకుడు. 1908లో మదనపల్లెలోనే కన్నుమూశాడు.

ఇక ఈ పేరుకు అర్థమేమిటనే ప్రశ్న. పేర్ల అర్థాలను చెప్పే చిన్న పుస్తకాలు ఒక్క మాటలో తేల్చివేస్తాయి. పండితుల మధ్య మాత్రం ఏకాభిప్రాయం లేదు. హీబ్రూలో 'మర్' అంటే చేదు. భర్తను, కుమారులను పోగొట్టుకొన్న నయోమి తనను ఇకపై 'మారా' అని పిలువుమని కోరిన కథ బైబిలులోని రూతు గ్రంథంలో ఉంది. ఆ ధాతువును బట్టి మిర్యామ్ అంటే చేదు, దుఃఖం అని కొందరు చెప్పారు. 'మెరి' అంటే తిరుగుబాటు కనుక ఎదురు తిరిగిన స్త్రీ అని మరికొందరు అన్నారు. మోషే కుటుంబం ఐగుప్తులో నివసించినది కనుక ప్రాచీన ఐగుప్తు భాషలో 'ప్రియమైన' అనే అర్థం గల 'మ్రీ' అనే ధాతువే దీనికి మూలమని ఆధునికులలో పలువురి అభిప్రాయం. మోషే అనే పేరుకు కూడా ఐగుప్తు మూలాన్నే చూపుతారు కనుక అక్కకు, తమ్మునికి ఒకే భాష నుండి పేర్లు రావడం అసంభవం కాదు. ఉన్న ఊహలలో ఇదే బలమైనదిగా తోస్తుంది.

బిడ్డకు చేదు అని పేరు పెట్టే తల్లిదండ్రులు ఉంటారా అని మొదటి వాదాన్ని కొందరు ఆక్షేపిస్తారు. తెలుగువారికి ఈ ఆక్షేపణ బలంగా తోచదు. పుట్టిన బిడ్డలు దక్కని ఇళ్ళలో, దృష్టి తగలకూడదని, మృత్యువు కన్ను పడకూడదని పెంటయ్య, పుల్లమ్మ, పిచ్చమ్మ అని పేర్లు పెట్టి ప్రాణప్రదంగా పెంచుకొన్న జాతి మనది.

ఈ పేరుకు మరొక అర్థం కూడా లోకంలో ప్రచారంలో ఉంది. అది 'సముద్ర నక్షత్రం'. దీని పుట్టుక విచిత్రమైనది. హీబ్రూలో 'మర్' అనే పదానికి బిందువు అనే అర్థం కూడా ఉంది; 'యామ్' అంటే సముద్రం. ఈ రెండింటిని కలిపి సముద్రబిందువు అనే వ్యాఖ్యానం ఏర్పడింది. లాటినులో బిందువును 'స్టిల్లా' అంటారు. నక్షత్రాన్ని 'స్టెల్లా' అంటారు. నాలుగవ శతాబ్ది చివరి భాగంలో హీబ్రూ నామాల అర్థాలను సంకలనం చేసిన జెరోము 'స్టిల్లా' అనే వ్రాశాడనీ, ప్రతులు వ్రాసేవారి చేతిలో అది 'స్టెల్లా' అయిందనీ పండితులు ఊహించారు. ఒక్క అచ్చు మారడంతో నీటిబొట్టు చుక్క అయి ఆకాశానికెక్కింది. ఐరోపా నావికులు ఆ తల్లిని దారి చూపే తారగా కొలిచారు. తాళపత్ర ప్రతులలో లేఖక ప్రమాదాలను సవరించే మన పరిష్కర్తలకు ఇటువంటివి కొత్త కావు. అయితే ఒక తప్పు ఇంత అందమైన అర్థాన్ని ప్రసాదించడం అరుదు.

ఈ పేరు మన సీమకు ఒకే దారిలో రాలేదు. 18వ శతాబ్ది తొలి సంవత్సరాలలో ఫ్రెంచి జెసూటు మతాచార్యులు కర్ణాటక మిషన్ అనే పేరుతో ఈ ప్రాంతంలో ప్రవేశించారు. వారి తొలి స్థావరాలలో పుంగనూరు ఒకటి. వారు కాషాయం ధరించి, మాంసాహారం విడిచి, ఇక్కడి సన్న్యాసులవలె జీవించారు. లాటిను రూపమైన మరియ వారి వంటివారి మూలంగా దక్షిణదేశపు కథోలిక కుటుంబాలలో వ్యాపించింది. పేతురు అనే పేరుకు రాయి అని అర్థం కనుక కథోలికులు దానిని రాయప్ప అని అనువదించుకొన్నారు. మరియను మాత్రం అనువదించలేదు, అమ్మను చేర్చుకొన్నారు.

ఆ చేర్పులోనే తెలుగుదనం ఉన్నది. గంగ, గంగమ్మ అవుతుంది. లక్ష్మి, లక్ష్మమ్మ అవుతుంది. పుంగనూరులో సుగుటూరు గంగమ్మకు, కుప్పంలో తిరుపతి గంగమ్మకు జాతరలు చేసే ప్రజల నాలుకకు అమ్మ లేని స్త్రీనామం వెలితిగా తోచి ఉంటుంది. మరియ, అమ్మ అనే పదాలు కలిసినప్పుడు పూర్వపదం చివరనున్న అకారం లోపించి మరియమ్మ అవుతుంది. ఇది అత్వసంధి. పాలస్తీనాలో పుట్టిన పేరు తెలుగు వ్యాకరణానికి లోబడి అన్యదేశ్యమన్న సంగతి మరపించింది. మొదటి శతాబ్దికి చెందిన యూదు చరిత్రకారుడు జొసీఫస్ గ్రీకులో వ్రాసిన గ్రంథాలలో హేరోదు రాజు భార్య పేరు 'మరియమ్మె' అనే రూపంలో కనిపిస్తుంది. దానిని చూసి తెలుగు అమ్మ అక్కడికి వెళ్ళిందని ఎవరూ భ్రమించరాదు. అది గ్రీకు భాష చివర చేర్చిన అచ్చు మాత్రమే.

రెండవ దారి ఆంగ్లభాష. లాటిను మరియ ఫ్రెంచిలో మరీ అయి, ఆంగ్లంలో మేరీ అయింది. ఆర్కాటు మిషన్ మదనపల్లెలో స్థాపించిన వైద్యాలయం మేరీ లాట్ లైల్స్ పేరును వహించింది. ఆ ఊరిలోనే మరొక హీబ్రూ నామం కూడా ప్రసిద్ధం. 1915లో ఏర్పడిన బిసెంట్ దివ్యజ్ఞాన కళాశాల అనీబిసెంటు పేరును ధరించింది. అనీ అనే పేరు హీబ్రూలోని హన్నా నుండి వచ్చింది. దానికి కృప అని అర్థం. ఇందులో పండితులకు వివాదం లేదు. క్రైస్తవ సంప్రదాయంలో మరియకు తల్లి పేరు కూడా ఇదే. తెలుగు క్రైస్తవుల ఇళ్ళలో ఆ పేరు అన్నమ్మ అయింది. తెలియనివారు అందులో అన్నాన్ని చూస్తారు.

మూడవ దారి అరబ్బీ. ఖురానులో పేరు పెట్టి చెప్పిన స్త్రీ ఒక్క మర్యం మాత్రమే. పందొమ్మిదవ అధ్యాయానికి ఆమె పేరే ఉంచారు. ఆ పేరు అరబ్బీ నుండి పారసీ, ఉర్దూల ద్వారా దక్కనుకు వచ్చి ఇక్కడ మరియం, మరియంబీ అయింది. గ్రీకులో జారిపోయిన చివరి మకారం ఇందులో భద్రంగా నిలిచింది. కనుక ఉచ్చారణలో ప్రాచీన రూపానికి మేరీ కంటే మరియమే చేరువ. ఒకే తరగతిలో ఒకే బల్లపై కూర్చున్న మేరీ, మరియం తమ పేరు ఒకటేనని తెలియకుండానే చదువు ముగించుకొని వెళ్ళడం విచారకరం.

ఇప్పుడు మారెమ్మ సంగతి చూడాలి. ధ్వనిసామ్యాన్ని చూసి మారియమ్మయే మరియమ్మ అని కొందరూ, మరియమ్మయే మారియమ్మ అని కొందరూ వాదిస్తారు. రెండు వాదాలూ నిలువవు. తమిళంలో 'మారి' అంటే వాన. సంస్కృతంలో 'మారి' అంటే ప్రాణాలు తీసే అంటువ్యాధి. తెలుగులోని మహమ్మారి ఈ మారియే. దేవతానామానికి ఈ రెండింటిలో ఏది మూలమో చర్చ ఉన్నది. మశూచి సోకితే అమ్మవారు పోసిందని చెప్పుకొన్న కాలంలో వ్యాధి తాపమూ, దానిని చల్లార్చే వానా ఒకే తల్లి చేతిలో ఉన్నాయని ప్రజలు నమ్మారు. 1980లో ప్రపంచ ఆరోగ్యసంస్థ మశూచి అంతరించిందని ప్రకటించింది. మారెమ్మ జాతరలు ఆగలేదు. పంటకు వాన కావాలి కదా! ఏ మూలాన్ని అంగీకరించినా అది ఈ దేశపుదే. హీబ్రూతో దానికి సంబంధం లేదు. ధ్వనులు కొన్నే, పదాలు అసంఖ్యాకం. అందువల్ల హీబ్రూలో చేదును, సంస్కృతంలో వ్యాధిని, తమిళంలో వానను, లాటినులో సముద్రాన్ని తెలిపే పదాలు మర, మార అనే ధ్వనులతోనే ఏర్పడ్డాయి. పోలికను మాత్రమే చూసి బంధుత్వం నిర్ణయించడాన్ని లోకనిరుక్తి అంటారు. పదం ఎప్పటిది, ఏ గ్రంథంలో ఏ రూపంలో ఉన్నది, ఏ దారిన వచ్చింది అని విచారించడం శాస్త్రం. మూడు రాష్ట్రాల కూడలి అయిన కుప్పంలో 1997లో ద్రావిడ విశ్వవిద్యాలయం ఏర్పడింది. ఇటువంటి విచారణకు ఆ కూడలి తగిన స్థలం.

మూలాలు వేరైనా వాడుకలో ఈ రెండు పేర్లూ ఇరుగుపొరుగుగానే మెలిగాయి. మొక్కు ఉన్నవారు మతభేదం లేకుండా వేలాంగణ్ణి ఆరోగ్యమాత సన్నిధికి వెళ్తారు. తమిళదేశపు ఆరోగ్యమేరి అనే పేరు ఆ క్షేత్రపు ప్రసాదమే. ఆ మైత్రి వేరు, వ్యుత్పత్తి వేరు.

చిక్కు వచ్చేది కాగితం మీద. మరియమ్మ, మారియమ్మ అనే పేర్లను ఆంగ్లాక్షరాలలో వ్రాసినప్పుడు తరచుగా రెండూ ఒకే రూపంలో ఉంటాయి. ప్రాచీన హీబ్రూ లిపిలో అచ్చులు లోపించినట్లే ఇక్కడ దీర్ఘం లోపిస్తుంది. ఆ ఆంగ్లరూపాన్ని చూసి కార్యాలయంలోని గుమాస్తాయో, యంత్రమో తిరిగి తెలుగులో వ్రాసినప్పుడు క్రైస్తవ బాలిక పేరు గ్రామదేవత పేరు కావచ్చు, దేవత పేరు పెట్టుకొన్న బాలిక పేరు క్రైస్తవనామం కావచ్చు. తల్లిదండ్రుల మతం, కులం నమోదైన పత్రాలతో పేరు పొసగనప్పుడు ఆ పిల్లయే కార్యాలయాల చుట్టూ తిరగవలసి వస్తుంది. పాఠశాలలో చేర్చిన రోజున తెలుగులో 'మ' వ్రాయాలా, 'మా' వ్రాయాలా అని ఇంటివారిని అడిగి వ్రాసుకొంటే ఈ శ్రమ తప్పుతుంది.