మగవాని పాత్ర

‘పాత్ర’ యను పదమునకు మన భాషలో రెండర్థములు ప్రసిద్ధములు. ఒకటి గిన్నె, రెండవది నాటకమున నటుడు ధరించు వేషము. నటుడు తన పాత్రను పుట్టుకతో తెచ్చుకొనడు. గురువునొద్ద నేర్చుకొనును, అభ్యసించును, ఆట ముగిసిన పిమ్మట రంగు కడిగికొని యింటికి పోవును. లోకమున ‘ఇది మగవాని నడవడి, ఇది స్త్రీ నడవడి’ యని మనము చెప్పుకొనునది యంతయు పుట్టుకతో వచ్చినదా? లేక అందు కొంత నేర్చుకొనిన పాత్రయా? ఈ ప్రశ్నను విద్యార్థులును వారి తల్లిదండ్రులును కలసి విచారింపవలసి యున్నది.

దీనికి కొంత సమాధానము తెలుగు రంగస్థలముననే కలదు. బాపట్లలో 1902లో జన్మించిన స్థానం నరసింహారావుగారు సత్యభామ మొదలగు స్త్రీ పాత్రలను ధరించి ఆంధ్రదేశమంతట కీర్తి గడించిరి. 1956లో వారికి పద్మశ్రీ బిరుదము లభించెను. కూచిపూడి గ్రామమున తరతరములుగా పురుషులే స్త్రీవేషములు కట్టుచు వచ్చిరి. వేదాంతం సత్యనారాయణశర్మగారు (1935–2012) భామాకలాపమున సత్యభామగా పేరుపొందిన పురుషుడే. తరువాత వెంపటి చినసత్యంగారు 1963లో మన మదరాసు నగరముననే కూచిపూడి ఆర్ట్ అకాడమీని స్థాపించి, ఆ విద్యను ఎందరో స్త్రీలకు నేర్పిరి. దీనివలన తేలిన దేమి? బిడియము, వయ్యారము, నడక, చూపు అభ్యాసముచే పురుషునకును అలవడును. అట్లయినచో దర్పము, కాఠిన్యము, కన్నీరు దాచుకొనుట మాత్రము అభ్యాసము కాకుండునా? శరీరములందలి భేదము ప్రకృతి చేసినది. నడవడియందలి భేదములో పెద్ద భాగము మనము నేర్పినది.

మగపిల్లవానికి ఈ పాఠము మిక్కిలి చిన్నతనముననే మొదలగును. క్రిందపడి మోకాలు చెక్కుకొనిపోయినను ‘మగవాడవు, ఏడువవచ్చునా?’ అందురు. ఏడ్చే మగవానిని నమ్మరాదని సామెతయే యున్నది. వంటయింటి గడప దాటినచో ‘నీకిక్కడ నేమి పని?’ అందురు. చదువు ముగియుటతోడనే ‘ఉద్యోగం పురుషలక్షణం’ అందురు. ఈ మాటను కొంచెము పరిశీలింపుడు. సంస్కృతమున ‘ఉద్యోగ’ మనగా ప్రయత్నము, పూనిక. తెలుగువాడుకలో అది జీతము వచ్చు కొలువుగా మారినది. పూనిక గలవాడు పురుషుడను పాత మాట, జీతము లేనివాడు పురుషుడే కాడను క్రొత్త మాటయై, కొలువు దొరకని యువకుని గుండెలపై బండవలె కూర్చున్నది.

ఈ పాత్రకు పురుషుడు చెల్లించు మూల్యము తక్కువ కాదు. మాధవరమున లారీల నిలయమును, పాలకాలనీయును, 2018 నుండి ఆంధ్రదేశమునకు బస్సులు బయలుదేరు నిలయమును ఉన్నవి. రాత్రియంతయు లారీ తోలు తండ్రికి తన బిడ్డ నిద్రించుచున్న ముఖమే తరచుగా కనబడును. అతడు ఇంటికి అన్నము తెచ్చును. ఇంటిలోని మాటలు మాత్రము అతనికి అందవు. తన అలసటను, అప్పును, భయమును ఎవరికిని చెప్పుకొనరాదని అతడు నేర్చినాడు. 2022లో మన దేశమున ఆత్మహత్యచే మరణించినట్లు ప్రభుత్వ లెక్కలకెక్కిన 1,70,924 మందిలో, ప్రతి 100కి సుమారు 72 మంది పురుషులు. ప్రతి మరణమునకును కారణములు అనేకములుండును. అయినను, బాధను నోరు విప్పి చెప్పుకొనుట పిరికితనమను పాఠము ఎవరికిని మేలు చేయదు. మనసు క్రుంగినవారు పగలుగాని రాత్రిగాని 14416 అను టెలీమానస్ సంఖ్యకు ఫోను చేసి మాటాడవచ్చును. అది సిగ్గుపడవలసిన పని కాదు.

వివాహమునందు ఈ పాత్ర మరింత వింతగా కనబడును. కాళ్లకూరి నారాయణరావుగారి ‘వరవిక్రయము’ నాటకము పేరులోనే విషయమున్నది. కట్నమను పేర అమ్ముడుపోవువాడు పురుషుడు. అందు కాళింది తన పెండ్లి కట్నమువలన తండ్రికి కలిగిన కష్టము చూడలేక ప్రాణము విడుచును. చెల్లెలగు కమల అదే వరుని వివాహమాడి, సొమ్ము పోసి కొనినవారికే కొన్న వస్తువు చెందునని వాదించును. కట్నము స్త్రీకి చేయు అన్యాయమని మనకు తెలియును. అది పురుషుని సంతలోని యెద్దును చేయు అవమానమని ఆ నాటకము చూపినది. కట్నమిచ్చుటయు పుచ్చుకొనుటయు నేరమని 1961లో చట్టము వచ్చినది. చట్టమునకు ముందుగా ‘నేను అమ్మకమునకు లేను’ అని చెప్పవలసినవాడు వరుడే.

ఇట్టి ఆలోచనలు అన్యదేశములందును పుట్టినవి. అమెరికాలో 1970లో జాక్ సాయర్ అను మనశ్శాస్త్రవేత్త పురుష విముక్తిని గూర్చి వ్యాసము వ్రాసెను. 1974లో వారెన్ ఫారెల్ ‘ది లిబరేటెడ్ మ్యాన్’ అను గ్రంథము ప్రకటించెను. స్త్రీల ఉద్యమము స్త్రీపాత్రను ప్రశ్నించినట్లే, తామును తమ పాత్రను ప్రశ్నింపవలెనని వారి భావము. కొంతకాలమునకు ఆ మార్గము రెండుగా చీలినది. కొందరు స్త్రీల సమానత్వముతోనే తమ విముక్తియు ముడిపడి యున్నదనిరి. మరికొందరు పురుషుల హక్కులకే పోరాటము సలిపిరి. ఫారెల్ తానే 1993 నాటి గ్రంథమున పురుషాధికారము భ్రమయని వాదించెను. మన దేశమునను ఈ రెండు మార్గములవారు కలరు. ముంబయిలో 1993లో ఏర్పడిన ‘మావా’ సంస్థ స్త్రీలపై హింసను మాన్పుటకై పురుషులతోనే పనిచేయుచున్నది. భర్తలపై పెట్టబడు తప్పుడు కేసులను గూర్చి పోరాడు సంఘములును వేరుగా నున్నవి. నిరపరాధికి న్యాయము జరుగవలసినదే. కాని భార్యను శత్రువుగా తలచిన పురుషుడు పాత పాత్రనుండి విముక్తుడు కాలేడు. ఆ పాత్రలోనే మరింత బిగిసిపోవును.

మన తమిళనాట 1925లో ‘కుడి అరసు’ పత్రికను స్థాపించిన పెరియార్ రామస్వామిగారు ఈ విషయమును సూటిగా చెప్పిరి. ‘ఆణ్మై’, అనగా మగతనము, పురుషుల సొత్తను భావము నశించిననే గాని స్త్రీకి స్వాతంత్ర్యము లేదని వారి వాదము. ధైర్యము, పరాక్రమము మగవానికే చెందినవనుట స్త్రీని తక్కువ చేయుట. దయ, ఓర్పు స్త్రీకే చెందినవనుట పురుషుని పేదను చేయుట.

ఇక మన యింటికి వత్తము. 2019లో కేంద్రప్రభుత్వము జరిపిన కాలవినియోగ సర్వేక్షణమున, ఒక దినమున జీతములేని యింటిపనిలో పాలుగొన్నవారు స్త్రీలలో 100కి 81 మంది, పురుషులలో 26 మంది మాత్రమే. పాలుగొన్న స్త్రీలు సగటున 299 నిమిషములు పనిచేయగా, పురుషులు 97 నిమిషములు చేసిరి. ఇంటిపని తల్లికి చేయు సాయము కాదు. అన్నము తినువారందరి బాధ్యత.

మన భాష విషయమునను ఇట్లే యున్నది. మాతృభాష యన్నంత మాత్రమున దానిని నేర్పు భారము తల్లిదే యని తలపరాదు. వీధియందు తమిళము, కార్యాలయములందు ఆంగ్లము వినబడు ఈ నగరమున, తండ్రి దినమునకు అరగంట బిడ్డను చేరదీసి తెలుగు కథ చదివినచో భాషయు నిలుచును, బిడ్డకు తండ్రియు దక్కును.

ఆలోచింపవలసిన ప్రశ్నలు

1. ఈ వారము మీ యింట ఏ పనులు ఎవరు ఎంతసేపు చేసిరో పట్టికగా వ్రాయుడు. దానిని తల్లిదండ్రులతో కలసి చదువుడు.

2. ‘మగవాడు ఇట్లుండవలెను’ అని మీరు వినిన మూడు మాటలు వ్రాసి, అందేది సద్గుణమో, ఏది వేషమో నిర్ణయింపుడు.

3. తండ్రులకు: మీ కష్టమును మీ కుమారునితో ఎన్నడైన చెప్పుకొంటిరా? చెప్పనిచో, తన కష్టమును మీతో చెప్పుకొనుట అతడు ఎవరి వలన నేర్చును?